విస్తట్లో లేని ఉప్పు

శ్రీరామప్ప మెట్లెక్కి గదిలోకి వస్తూ తలుపు చట్టానికి ఎడమ భుజం కొట్టుకున్నాడు. సుబ్రమణి అది చూశాడు, కానీ పట్టించుకోలేదు. తర్వాత చాలా రోజులు ఆ సంగతి తలచుకుని సిగ్గుపడ్డాడు.

అది 2003వ సంవత్సరం. హోసూరు బస్టాండు వెనక, టైలరింగు షాపు మీద ఒకటిన్నర గది, అదే ప్రతిభ డిటెక్టివ్ ఆఫీసు. ఇన్సూరెన్సు కంపెనీలో పదిహేనేళ్లు దొంగ క్లెయిములు పట్టి, విసుగెత్తి సొంత బోర్డు పెట్టుకున్న మనిషి ఆమె. సుబ్రమణి వకీలు గుమాస్తాగా రిటైరయ్యాడు. భార్య పోయాక ఇంట్లో గోడలతో మాట్లాడలేక ఆమె దగ్గర చేరాడు. ఆమె తెలివి మీద అతనికి ఎంత గురి అంటే, ఆమె తుమ్మినా అందులో ఏదో ఆధారం ఉందనుకునేవాడు.

"నా ఇంట్లోకి ఎవరో వస్తా పోతా ఉండారమ్మా," అన్నాడు శ్రీరామప్ప. అరవై అయిదేళ్ల పెద్ద రైతు ఆయన. "పెట్టిన వస్తువు పెట్టిన చోట ఉండదు. గంట పోయినాక చూస్తే ఆడే ఉంటాది. నాకు పిచ్చి పట్టించాలని చూస్తా ఉండారు."

"ఇంట్లో ఇంకెవరుంటారు?"

"ఎవరుండారు? నా పెండ్లాం చిక్కమ్మ పోయి రెండేండ్లాయె. వంటకు రంగమ్మ వస్తా ఉండె. మొన్న మా చిక్కమ్మ వెండి చెంబు పోయింది. అది మాత్రం తిరిగి రాలేదు. రంగమ్మను ఆ దినమే పనిలోకి రావద్దని నిలిపేసినాను. సోమవారం పోలీసులకు రాసిస్తాను. అంతలోపల మీరు రుజువు పట్టియ్యండి."

మర్నాడు గురువారం. ఇద్దరూ మత్తిగిరి అవతల ఉన్న ఆయన ఇంటికి వెళ్లారు. వసారాలో మోపెడ్ ఉంది. దాని ఎడమ అద్దం విరిగిపోయింది. ఇల్లు శుభ్రంగానే ఉంది గానీ, మాట వినబడి చాలా కాలమైనట్టు ఉంది. ఆ నిశ్శబ్దం సుబ్రమణికి బాగా తెలిసినదే. తన ఇంట్లోకి తానే వచ్చినట్టయింది.

"ఊర్లో మీకు గిట్టనివాళ్లు ఉండారా?" అంది ప్రతిభ.

"గిట్టేవాళ్లు ఎవరని అడగమ్మా! మత్తూరులో పెండ్లికి పోయినాను. నా విస్తట్లో ఉప్పు లేదు, ఊరగాయ లేదు. కుడిపక్కన కూర్చున్నోడికి అన్నీ వేసినారు. లేచి వచ్చేసినాను. ఇంక ఏ పెండ్లికీ పోను."

రంగమ్మ తన ఇంటి ముందు రాగులు చెరుగుతోంది. చేట ఆపకుండానే మాట్లాడింది.

"పన్నెండేండ్లు ఆ ఇంట్లో పొయ్యి ముట్టించినానమ్మా. దొంగ అనే మాట ఊర్లో పడితే ఇంకే ఇంట్లో నన్ను పొయ్యి దగ్గరికి రానిస్తారు?"

"ఈ మధ్య ఆయన తీరు ఎట్లుంది?"

"ఒక పక్క నుంచి పోతే ఏమీ అనడు. ఇంకో పక్క నుంచి పోతే, ఎప్పుడొచ్చినావే దొంగ మాదిరి అని ఉలిక్కిపడతాడు. చిక్కమ్మక్క కర్మల దినాల్లో తలనొప్పి వచ్చి రెండు దినాలు పడుకునేసినాడు. అప్పుట్నించే ఇట్ల."

శ్రీరామప్ప పక్కింటి కేశవప్ప అయితే ఆయన పేరు ఎత్తగానే మొఖం ముడుచుకున్నాడు. "చిన్నప్పటి స్నేహితుడు. గుడి తేరు దినం మేళాల గోలలో, మా కూతురు ప్రేమకు పెండ్లని తాంబూలం చాపినాను. తల తిప్పలేదు, నేరుగా పోయినాడు. అంతమంది ముందర నాకు తల కొట్టేసినట్టాయె. మాటలు బంద్."

"మీరు ఆయనకు ఏ పక్క నిలబడినారు?"

కేశవప్ప ఆలోచించాడు. "ఎడమ పక్క. ఏం?"

ప్రతిభ అది కాగితం మీద రాసుకుంది. శుక్రవారం శ్రీరామప్పను క్రిష్ణగిరిలో కంటి ఆసుపత్రికి తీసుకుపోయింది. "నా చూపుకేమమ్మా?" అని ఆయన గొణుగుతూనే బోర్డు మీద చివరి వరుస కూడా చదివేశాడు. సుబ్రమణికి ఏమీ అర్థం కాలేదు. తర్వాత ఆయన్ను ఒక తెల్లని గిన్నెలాంటి మిషను ముందు కూర్చోబెట్టారు. తల కదపకుండా నడిమి చుక్కను చూస్తూ, ఎక్కడ వెలుగు మెరిసినా మీట నొక్కాలి. ఒక్కో కంటికీ విడిగా ఒకసారి, రెండు కళ్లూ తెరిచి ఒకసారి. వచ్చిన కాగితాలను ప్రతిభ మడిచి సంచిలో పెట్టుకుంది.

ఆదివారం మధ్యాహ్నం శ్రీరామప్ప ఇంట్లో ప్రతిభ ఆయన్ను ఆయన కుర్చీలోనే, ద్వారానికి ఎదురుగా కూర్చోమంది. ఎదురుగా తాను, ఆయనకు కుడివైపుగా సుబ్రమణి, గుమ్మం దగ్గర రంగమ్మ.

"తల తిప్పకుండా నన్నే చూస్తా చెప్పండప్పా. మీరు కాక ఈ గదిలో ఎంతమంది?"

"ముగ్గురు. నువ్వు, ఈయప్ప, రంగమ్మ."

"శ్రీరామా..." అంది ఒక గొంతు.

శ్రీరామప్ప అదిరిపడి తిరిగాడు. ఆయనకు ఎడమ పక్కన, రెండు బారల దూరంలో, కేశవప్ప కూర్చుని ఉన్నాడు. ప్రతిభ చెప్పినట్టు ముందే వచ్చి, ఊపిరి బిగబట్టుకుని ఉన్నాడు.

ప్రతిభ కాగితం విప్పింది. అందులో ఎడమ సగమంతా నలుపు.

"దొంగ ఇదే. అక్షరాలు చదివే చూపు వేరు, చుట్టూ చూసే చూపు వేరు. మామూలుగా ఒక కంటికి తప్పింది ఇంకో కన్ను చూసుకుంటాది. మీకు రెండిటికీ ఒకే పక్క పోయింది. అందుకే డాక్టరు రెండు కండ్లూ తెరిపించి కూడా కొలిచినాడు. మనం బతికేది రెండు కండ్లతోనే కదా! ఆ తలనొప్పి దినాన మెదడులో రక్తం ఆడకుండా పోయిందంట. ఎడమ పక్క పెట్టిన వస్తువు మాయం. ఇటు తిరిగి వస్తే మళ్లా ప్రత్యక్షం. ఉప్పు, ఊరగాయ విస్తట్లో ఏ పక్క వడ్డిస్తారు?"

"ఎడమ పక్క," అన్నాడు శ్రీరామప్ప నెమ్మదిగా.

"చెంబు యాడ పెట్టినారు?"

ఆయన తన కుర్చీకి ఎడమ పక్కనున్న ముక్కాలి పీట వైపు తల పూర్తిగా తిప్పి చూశాడు. పీటకూ రాగుల పెట్టెకూ మధ్య సందు ఉంది. ప్రతిభ సైగ చేసింది. సుబ్రమణి చెయ్యి దూర్చి, గోనె సంచుల మడతలోంచి వెండి చెంబు తీశాడు.

"మోచెయ్యి తగిలి పడింది. సంచుల మీద చప్పుడు కాలేదు," అంది ప్రతిభ.

సుబ్రమణికి ఆ కాగితం మీది నుంచి చూపు మరలలేదు. రెండేళ్లుగా సగం లోకం ఈ మనిషికి చెప్పకుండా వెళ్లిపోయింది. ఆయన మాత్రం లోకమంతా తనను వెలివేసిందనుకుని తలుపు మూసుకున్నాడు.

"పోయిన చూపు తిరిగి వస్తాదా?" అన్నాడు శ్రీరామప్ప.

"రాదన్నారప్పా. తల తిప్పి చూడటం నేర్చుకోవచ్చు. మోపెడ్ మాత్రం ఇంక వద్దు."

కేశవప్ప కండువాతో కళ్లు తుడుచుకుంటూ లేచి, వచ్చి కుడి పక్కన కూర్చున్నాడు. శ్రీరామప్ప చెంబును ఒడిలో పెట్టుకుని గుమ్మం వైపు చూశాడు.

"రంగమ్మా, తప్పు చేసినాను. మళ్లా వస్తావా?"

"చెంబు దొరికింది. దొంగ అన్న మాట యాడికి పోతాదప్పా?" అంది రంగమ్మ. ఆయన తల దించుకున్నాడు. "రేపు పొద్దున ఊరందరి ముందర చెప్పు. అప్పుడు చూస్తాను."

"చెప్తాను. ఒక్కొక్కరి ఇంటికీ పోయి చెప్తాను."

అన్నం వేళ దాటింది, ఆ ఇంట్లో పొయ్యి వెలగలేదు. రంగమ్మ తన ఇంటి నుంచి అన్నం, చారు తెచ్చి, ఆయన ముందు ఆకు వేసింది. అలవాటుగా ఎడమ పక్కకు పోయిన చెయ్యి ఆగింది. ఉప్పును ఆకుకు కుడి పక్కన వడ్డించింది.