అయిపోని మధ్యాహ్నం

అది డెబ్బై రెండో సంవత్సరం, నడి వేసవి. సబ్బుల ఫ్యాక్టరీ వెనక ఉన్న పాడుబావిలో పూడిక తీసే పని బావా బావమరిదీ ఒప్పుకున్నారు. ఆ బావి అడుగు ఎండడం ఊళ్లో ఎవరూ ఎరగరు. గేటు దగ్గరి ముసలి కాపలాదారు మాత్రం చిన్నప్పుడొకసారి చూశాడట.

బావని అందరూ మొండాయన అనేవారు. పట్టిన పట్టు వదిలే మనిషి కాదు. పైన తాడు ఆయనది, కింద పలుగు బావమరిదిది. తల్లి పోయిన ఆ తమ్ముణ్ణి మొండాయన భార్యే ఒళ్లో పెట్టుకుని పెంచింది. పనికి బయలుదేరేటప్పుడు ఆమె మొగుడితో రోజూ ఒకే మాట అనేది: దింపేవాడివి నువ్వే, తెచ్చి నాకు అప్పజెప్పేవాడివీ నువ్వే.

బావిలో మాట పనికిరాదు. గోడలకు తగిలి ముద్దయిపోతుంది. అందుకని తాడే మాట. మూడుసార్లు గుంజితే మనిషిని పైకి లాగమని. పైవాడు లోపలికి తొంగి చూడకూడదు. కాలి కింద గులకరాయి జారినా కిందివాడి తల పగులుతుంది. ఇంకో కట్టుబాటు కూడా ఉంది. లాగడం మొదలుపెట్టిన తాడును మధ్యలో ఆపకూడదు, వెనక్కి దించకూడదు. తాడు కొసన కట్టిన చెక్క మీద ఒక ప్రాణం కూర్చునుందని నమ్మి లాగాలి.

అడుగున నల్ల బంకమన్ను తగిలిన రోజు మధ్యాహ్నం ఇద్దరూ గట్టున నీడలో కూర్చుని తింటున్నారు. మెలికలు పడకుండా తాడును బావిలోకే వదిలారు. ఉన్నట్టుండి గిలక కిర్రుమంది. తాడు బిగిసింది. ఒకటి… రెండు… మూడు.

బావమరిది చేతిలో ముద్ద అలాగే ఉండిపోయింది. "బావా, కిందున్నది నేనైతే, ఇక్కడ కూర్చుని నీ వాటా కూడా తింటున్నది ఎవరు?"

గాలిలే అన్నాడు మొండాయన.

"గాలి లెక్కపెట్టి గుంజుతుందా?"

కాపలాదారు దూరం నుంచే చూశాడు. దగ్గరికొచ్చి, ఇప్పుడున్న ఊరు పుట్టక ముందటి సంగతి చెప్పాడు. ఎవరో శత్రువులు మీదపడి ఇళ్లు తగలబెడితే, జనం ఆ ఎండిన బావిలో దాక్కున్నారట. పైన తాళ్లు పట్టుకున్నవాళ్లు ఒక్కరూ మిగల్లేదు. కిందివాళ్లను లాగేవాళ్లు లేరు. నీళ్లున్నంత కాలం ఏమీ తెలియదు గానీ, అడుగు ఎండితే అదంతా మళ్లీ పైకి తేలుతుందన్నాడు.

"జరిగిపోయిందని మనం అనుకుంటాం గానీ, అందులో ఆ మధ్యాహ్నం ఇంకా అయిపోలేదయ్యా."

పొద్దున్నే దిగుదాం, ఈ పూటకి వద్దన్నాడు బావమరిది. మొండాయన వినలేదు. మన్ను చెమ్మగా ఉంది, ఇంకో గంటలో ఊట తగులుతుంది, ముసలాడి కబుర్లకు పని ఆపుతామా అన్నాడు. కుర్రాడు తల గోక్కున్నాడు.

"సరే, నేను నాలుగు గుంజుతాను. మూడు గుంజేవాళ్లను నువ్వు పట్టించుకోకు. పైకొచ్చాక నేనో కాదో అక్కే చెబుతుంది."

నవ్వుతూనే దిగాడు.

కాసేపు పలుగు చప్పుడు వినిపించింది. తర్వాత ఆగిపోయింది. బావిలోంచి సన్నగా పొగ వాసన వచ్చింది. కాలిన గడ్డి వాసన, కాలిన వెంట్రుకల వాసన. మొండాయన చుట్టూ చూశాడు. ఎక్కడా మంట లేదు.

తాడు కదిలింది. మూడుసార్లు.

ఆయన లాగలేదు.

మళ్లీ మూడు. ఈసారి గట్టిగా, ఎవరో వేలాడినట్టు. తొంగి చూడాలనిపించింది. చూడలేదు. అప్పుడు, ఏ మాటా సరిగ్గా పైకి రాని ఆ బావిలోంచి, బావమరిది గుసగుస చెవి పక్కన అన్నట్టు వినిపించింది.

"భయపడకు… గట్టిగా పట్టుకో."

ఎవరితో అంటున్నాడు?

నాలుగు.

మొండాయన కాలు గట్టుకు తన్నిపెట్టి లాగాడు. రెండు మూరలు వచ్చేసరికి చేతికి తెలిసిపోయింది. ఇది తను రోజూ లాగే బరువు కాదు. తేలిక. మరీ తేలిక. అయినా బరువుంది… ఊపిరి తీస్తున్న బరువు. దించేసి కిందున్న బావమరిదిని అందుకోవాలి. కానీ లాగే తాడును ఆ చేతులు ఎన్నడూ వెనక్కి దించలేదు. ఆ పూటా దించలేదు. లాగుతూనే పోయాయి.

చెక్క గట్టు పైకొచ్చింది. దాని మీద ఎవరూ లేరు. తడిగా ఉంది. చల్లగా ఏదో ఆయన మోకాలికి రాసుకుని పక్కనుంచి వెళ్లిపోయింది.

చెక్కను తిరిగి బావిలోకి విసిరాడు. కట్టుబాటు మరిచి మొదటిసారి లోపలికి వంగాడు. చీకట్లో ఏమీ కనిపించలేదు.

"ఒరేయ్, ఎక్కరా."

"ఇంకొకరున్నారు బావా… ఆగు."

గోడ జారింది. పెద్ద చప్పుడేమీ కాలేదు. బస్తా దింపినట్టు ఒక్క బరువైన శబ్దం, ఆ తర్వాత దుమ్ము.

మట్టి తీసి శవాన్ని బయటికి తేవడానికి మర్నాడు సాయంత్రమైంది. ఒళ్లు కడగడానికి ఇంకెవర్నీ రానివ్వలేదు అక్క. తలుపు వేసుకుని తనే కడిగింది. చాలాసేపటికి మొగుణ్ణి లోపలికి పిలిచింది. ఖాళీ చెక్క సంగతి ఆయన ముందే చెప్పాడు.

"బరువు తేడా నీ చేతికి తెలియలేదా?" అంది.

తెలిసిందన్నాడు.

ఆమె తమ్ముడి ఒంటి మీది గుడ్డ పక్కకు తీసి చూపించింది. ఎముక విరగలేదు, చర్మం చిట్లలేదు. రెండు భుజాలూ మాత్రం అరిగి నున్నగా గుంటలు పడి ఉన్నాయి, తరతరాలుగా జనం ఎక్కి దిగిన రాతిమెట్టులాగా.

ఆ మధ్యాహ్నం బావిలోకి దిగాక అతను బతికి ఉన్నది గంటసేపు. వయసు ఇరవై మూడు.