మూడో ట్యాంకు మెసేజ్

మనిషి చనిపోయాడు. అతని లాప్‌టాప్ మాత్రం ఇంకా మోగుతూనే ఉంది.

టింగ్. లోన్ కావాలా? టింగ్. మీరు కారు గెలిచారు. టింగ్. మీ కంప్యూటర్‌లో వైరస్ ఉంది, వెంటనే ఇక్కడ నొక్కండి.

సూరత్‌లో, అమ్రోలిలోని ఆ గదిలో శివకృష్ణ కుర్చీలోనే ఒక పక్కకు ఒరిగి ఉన్నాడు. సచిన్ అనే పారిశ్రామికవాడలో బట్టల రంగులు తయారుచేసే ఒక కంపెనీకి అతను సేఫ్టీ ఆఫీసర్. ముందున్న టీ కప్పులో విషం. రెండో కప్పు కడిగి బోర్లించి ఉంది. చంపినవాళ్లు మర్యాద తెలిసినవాళ్లు.

ఏజెంట్ నర్సింగం గుమ్మంలో నిలబడి ఊపిరి తీసుకున్నాడు. లిఫ్టు పనిచేయడం లేదు. యాభై దాటిన మోకాళ్లు మెట్లన్నిటినీ గుర్తుపెట్టుకున్నాయి. చెవిలోని చిన్న స్పీకర్ గరగరలాడింది.

"చూశావా?" చీఫ్ లలితమ్మ గొంతు.

"చూశాను మేడమ్."

"ఖామోష్ పని."

నర్సింగం కళ్లు మూసుకున్నాడు. ఖామోష్ ఒక విదేశీ ముఠా. సూరత్‌లో బట్టకు రంగు పడినన్నాళ్లూ వాళ్ల దేశపు బట్ట అమ్ముడుపోదు. ఇక్కడ ఒక పెద్ద ప్రమాదం జరిగి సీజనంతా ఫ్యాక్టరీలు మూతపడితే వాళ్లకు పండగ.

"వాళ్లు బాంబులు పెట్టరు," అంది లలితమ్మ. "ప్రమాదానికి ముందు మోగాల్సినవి మోగకుండా చూస్తారు. ముఠాలో మన మనిషి ఒకామె ఉంది. సుమన. కోడ్ గుర్తుందా?"

"రంగు నిలుస్తుందా అని అడగాలి. రెండు ఉతుకులు ఆగి చెప్తా అని ఆమె అనాలి."

"గుడ్. ముందు ఆ లాప్‌టాప్ సంగతి చూడు. ఆ చెత్త ఎందుకు వస్తోందో నాకు తెలియాలి."

"మేడమ్, నా లీవు..."

లైన్ కట్ అయింది.

అతను లాప్‌టాప్‌ను ఒడిలో పెట్టుకుని నేలమీద కూర్చున్నాడు. డిపార్ట్‌మెంట్ ఇచ్చిన రహస్య కళ్లద్దాలు పెట్టుకున్నాడు. స్క్రీన్‌మీద ఏం కనిపించినా అవి చీఫ్‌కు పంపాలి. కుడి అద్దంలో చిన్న అక్షరాలు వెలిగాయి: కొత్త అప్‌డేట్ సిద్ధంగా ఉంది. అతను వాటిని తీసి జేబులో పెట్టుకున్నాడు.

బ్రౌజర్ సెట్టింగ్స్ తెరిచాడు. నోటిఫికేషన్స్. పంపడానికి అనుమతి ఉన్న సైట్లు వరసగా కనిపించాయి. రమ్మీ, లాటరీ, అప్పులు, జ్యోతిష్యం, బరువు తగ్గే మందు. ఎప్పుడో ఎవరో ఈ లాప్‌టాప్ ముందు కూర్చుని, అడిగిన ప్రతి సైటుకూ 'అలో' నొక్కుకుంటూ పోయారు. నర్సింగం ఒక్కోదాన్నీ బ్లాక్ చేశాడు. బ్లాక్. బ్లాక్. పక్కన శవం, చేతిలో లాటరీ. ఇరవై ఏళ్ల సర్వీసులో ఇంతకంటే నీరసమైన డ్యూటీ అతనికి గుర్తు లేదు.

చివరి సైటు కూడా పోయాక గది నిశ్శబ్దమైంది. అడుగున ఒక్క మెసేజ్ మిగిలింది. అది ఏ సైటుదీ కాదు, ఫ్యాక్టరీ సొంత సాఫ్ట్‌వేర్ పంపింది.

మూడో ట్యాంకు: ప్రెషర్ మామూలు కంటే ఎక్కువ.

అప్పుడు అర్థమైంది. చెత్త మెసేజ్‌లు ఆయుధం కాదు, తెర. ఈ ఒక్క మెసేజ్‌ను కప్పడానికే అవన్నీ. విసిగినవాడు ఎవడైనా చివరికి అన్నీ కలిపి ఆపేస్తాడు. శివకృష్ణ ఆపలేదు. అంత రద్దీలోనూ దీన్ని చదివాడు. అందుకే ఎవరో వచ్చి టీ తాగిపోయారు.

"మేడమ్, ఫ్యాక్టరీకి ఫోన్ చేయండి."

"చేస్తే ముఠా జారిపోతుంది. నువ్వే వెళ్లు. గేటు దగ్గరకు మనవాళ్లను పంపిస్తాను."

"మూడో ట్యాంకు ఎక్కడుంది?"

ఆమె మ్యాప్ చూసి చెప్పింది. "వెనక గోడకు ఆనుకుని. గోడ అవతల ఒక మగ్గాల షెడ్డు ఉంది."

ఆ షెడ్డు నర్సింగానికి తెలుసు. పగటి పాళీలో అక్కడ మగ్గాలు నడిపేవాళ్లలో అతని తమ్ముడు లింగం ఒకడు.

* * *

సచిన్ పోయే బస్సులో నిలబడే వెళ్లాడు. భుజాన బ్యాగు, మెడలో లాప్‌టాప్ రిపేర్ కంపెనీ కార్డు. ఇంట్లోవాళ్లకు తెలిసిన నర్సింగం కూడా ఇతనే. పర్వత్ పాటియాలోని తమ ఇంట్లో తల్లి దినాలు జరుగుతుంటే, సర్వర్ చెడిపోయింది, రాలేను అని మెసేజ్ పెట్టింది కూడా ఈ రిపేరు మనిషే. అప్పుడతను నిజానికి ఒక ఓడ అడుగున దాక్కుని ఉన్నాడు. ఆ సంగతి లింగానికి చెప్పే వీలు లేదు. ఆ మెసేజ్ చదివిన తర్వాత లింగం అన్నను బ్లాక్ చేశాడు.

అయినా బస్సులో ఫోన్ తీసి ప్రయత్నించాడు. కాల్ కలవలేదు. మెసేజ్‌కు ఒక్క టిక్కే పడింది.

ఫ్యాక్టరీ కంట్రోల్ రూమ్‌లో షిఫ్ట్ ఇన్‌చార్జ్ దేవదాస్ కుర్చీలో వెనక్కి వాలి వేరుశనక్కాయలు ఒలుచుకుంటున్నాడు. అరవైకి దగ్గరపడిన మనిషి, నర్సింగంలాగే మగ్గాల పనికి సూరత్ వచ్చిన తెలంగాణ కుటుంబంవాడు.

"ఎవలు భాయ్?"

"లాప్‌టాప్ రిపేర్. ఫాల్తు మెసేజ్‌లు వస్తున్నయని కంప్లయింట్ ఇచ్చిన్రు."

"అయ్యో, లేట్ జేసినవ్. అంతా ఓకే అయిపోయింది. నెల దినాలు సతాయించింది భాయ్ ఇది. టింగ్ టింగ్ టింగ్. ఇంటికి పోయి పండుకున్నా చెవుల్ల గదే మోత. మొన్న నా పెండ్లాం చెంచా కింద పడేస్తే, బంద్ చెయ్యే దాన్ని అని ఒర్లిన."

"ఇప్పుడు మోగుతలేదా?"

"హైదరాబాద్ నుంచి మేడమ్ అచ్చింది. రెండు నిమిషాల్ల సాఫ్ జేసింది. చాయ్ సుత తాగలే పాపం." దేవదాస్ ఒక వేరుశనగ గింజ నోట్లో వేసుకున్నాడు. "చిన్నప్పటి సంది మగ్గాల మోత. గిప్పుడు దొరికింది చెవులకు జర ఆరాం."

నర్సింగానికి ఆరాం అనిపించలేదు. మగ్గాల పక్కనే పుట్టి పెరిగినవాడు. వాళ్లమ్మ ఆ మోతలో హాయిగా నిద్రపోయేది, కరెంటు పోయి మగ్గాలు ఆగితే ఉలిక్కిపడి లేచేది. షెడ్డులో పనివాళ్లకూ అంతే. మోత ఆగిందంటే ఒక్కడూ లోపల ఉండడు, బీడీకని బయటికొస్తాడు.

"సైరన్ లేదా?"

"ఖరాబై శానా దినాలాయె. గందుకే లాప్‌టాప్ పెట్టిన్రు."

తలుపు తెరుచుకుంది. ముందు అత్తరు వాసన వచ్చింది, తర్వాత ఆమె వచ్చింది. నెమలికంఠం రంగు పట్టుచీర, నల్ల కళ్లద్దాలు, చంకలో పలుచటి వెండిరంగు లాప్‌టాప్. అలాంటి మనిషి ఆ నూనె మరకల గదిలోకి వస్తే దేవదాస్ వేరుశనగ పొట్టును దోసిలితో ఎత్తి దాచిపెట్టాడు.

నర్సింగం గొంతు తగ్గించాడు. "మేడమ్, ఈ చీర రంగు నిలుస్తుందా?"

ఆమె నవ్వింది. "రెండు ఉతుకులు ఆగి చెప్తా."

సుమన. కోడ్ సరిపోయింది. దేవదాస్‌కు దూరంగా కిటికీ పక్కకు నడిచారు. ఆమె తన లాప్‌టాప్‌ను కిటికీ అరుగుమీద తెరిచి పెట్టింది.

"ఇక్కడ కాదన్నా," అంది నెమ్మదిగా. "వాళ్ల టార్గెట్ రేపు. అవతలి ప్లాంట్. నేను వీళ్ల మెసేజ్‌లు ఆపింది ముఠాకు నామీద నమ్మకం కలగాలని. చాలా అలసిపోయినట్టున్నావ్. ఇంటికెళ్లి రెస్ట్ తీసుకో."

ఆ మాట అతనికి ఎవరూ చెప్పక చాలా కాలమైంది. ఒక్క క్షణం నిజంగానే వెళ్లిపోవాలనిపించింది. బ్యాగు భుజాన సర్దుకున్నాడు కూడా.

టింగ్.

దేవదాస్ అలవాటుగా ఉలిక్కిపడ్డాడు. కానీ మోగింది అతని లాప్‌టాప్ కాదు. సుమన లాప్‌టాప్ కుడి మూల ఒక చిన్న డబ్బా లేచింది.

మూడో ట్యాంకు: ప్రెషర్ ప్రమాద స్థాయి.

దేవదాస్ స్క్రీన్‌మీద ఏమీ లేదు. అందరి గంటలూ ఆపిన మనిషి తన గంట మాత్రం ఉంచుకుంది. ఎప్పుడు పారిపోవాలో తెలియాలి కదా.

ఇద్దరూ ఆ డబ్బా వైపు చూశారు. తర్వాత ఒకరినొకరు చూసుకున్నారు. ఆమె పర్సులోంచి చిన్న పిస్టల్ బయటికొచ్చింది.

"శివకృష్ణతో టీ తాగింది నువ్వే," అన్నాడు నర్సింగం.

"అల్లం ఎక్కువైంది. కదలకు."

"కాల్చు. ఇక్కడ నిలబడి నన్ను కాలుస్తావో, కారు దగ్గరికి పోతావో చూసుకో. ట్యాంకు గ్యాస్‌ను గాలి ఎటు తోలుతుందో నాకు తెలియదు. నీకు తెలుసా?"

ఆమె కిటికీ బయటికి చూసింది. ఆమెకూ తెలియదు. లాప్‌టాప్ అక్కడే వదిలేసి పరుగెత్తింది.

"దేవదాస్ భాయ్, మూడో ట్యాంకు. నీ లాప్‌టాప్ నీకు చెప్పకుండ జేసింది."

దేవదాస్ ముఖంలో రంగు పోయింది. అప్పటికే లేచాడు. "వాల్వు చేత్తోనే తిప్పాలె. జర టైమ్ పడ్తది. అప్పటిదాంక గ్యాస్ ఎగదన్నిందంటే గోడ అవుతల షెడ్డుమీదికే పోతది. ఆళ్లకు ఫోన్ జెయ్."

దేవదాస్ వాల్వు వైపు పరుగెత్తాడు. నర్సింగం ఫోన్ తీశాడు. లింగం నంబరు. కలవలేదు. ఇంకోసారి. కలవలేదు. రేషన్ షాపు నుంచి లాటరీ దాకా ఎవరి మెసేజ్‌కైనా తన తమ్ముడి ఫోన్‌లో చోటుంది. తనకు లేదు.

వెనక గేటు నుంచి సందులోకి వచ్చాడు. షెడ్డులో మగ్గాల మోత. గుమ్మంలో నిలబడి అరిచినా లోపల ఎవడికీ వినపడదు. ఆ సంగతి అతనికంటే బాగా తెలిసినవాడు లేడు.

గోడకు బయటివైపు షెడ్డు మెయిన్ స్విచ్ తుప్పు పట్టిన డబ్బాలో ఉంది. నర్సింగం దాన్ని రెండు చేతులతో పట్టుకుని కిందికి లాగాడు.

మోత ఆగింది.

ముందు ఒకడు, తర్వాత ముగ్గురు, తర్వాత అందరూ. చెవులు దులుపుకుంటూ, కరెంటువాళ్లను తిడుతూ, బీడీలు తీస్తూ బయటికొచ్చారు.

"బీడీలు ముట్టియ్యకున్రి. రోడ్డు దాంక నడువున్రి, గ్యాస్ లీకైతుంది," అన్నాడు నర్సింగం. గ్యాస్ అన్న మాటకు రెండోసారి చెప్పాల్సిన పని లేకపోయింది. సందులోంచి జనం రోడ్డుమీదికి పారింది.

ట్యాంకు బుస్సుమంది. పసుపు పొగ ఒక పాయ గోడ దాటి, ఖాళీ షెడ్డు రేకులమీదికి జారింది. ఇంకో పాయ లేవబోతుండగా ఆగిపోయింది. గోడ అవతల దేవదాస్ దగ్గుతూ, "అయిపోయింది, బందైంది" అనడం వినిపించింది.

రోడ్డుమీద ఒక తెల్లకారు హారన్ కొడుతోంది. మగ్గాల మనుషులు దాని చుట్టూ నిండిపోయారు. ఎవడూ జరగడం లేదు. హారన్ మోతంటే వాళ్లకు లెక్కే లేదు. లోపల నెమలికంఠం రంగు చీర. లలితమ్మ మనుషులు తొందరపడకుండా నడిచి వెళ్లి కారు తలుపు తెరిచారు.

* * *

లింగం భుజాన తువ్వాలుతో అన్న ముందు నిలబడ్డాడు. తల్లి పోయాక ఇద్దరూ ఎదురుపడటం ఇదే మొదటిసారి.

"నువ్వేందే ఈడ?"

"లాప్‌టాప్ రిపేర్‌కు అచ్చిన."

"లాప్‌టాప్ రిపేర్‌కు అచ్చి మగ్గాలు బంద్ జేసినవా? బట్ట తాను సగంల ఉండె. దారాలన్ని తెగినయ్."

"గ్యాస్ అచ్చింది గదరా."

"ఫోన్ జెయ్యరాదా మరి?"

నర్సింగం ఫోన్ తీసి, ఒక్క టిక్కు దగ్గరే ఆగిపోయిన మెసేజ్ చూపించాడు. లింగం షెడ్డు రేకులమీద ఆరిపోతున్న పసుపు మరకను చూశాడు. అది సరిగ్గా అతని మగ్గం ఉన్నచోట ఉంది. జేబులోంచి ఫోన్ తీశాడు. బొటనవేలితో ఏదో వెతికి, నొక్కి, మళ్లీ జేబులో పెట్టుకున్నాడు.

"అమ్మ సంవత్సరీకానికన్న రా," అన్నాడు అటు తిరిగి. "సర్వర్‌ను సచ్చిపోనియ్."

బస్సులో ఈసారి సీటు దొరికింది. చెవిలో చీఫ్ మాట్లాడుతోంది: వెల్ డన్, రేపు ఉదయం రిపోర్ట్, లీవు గురించి తర్వాత చూద్దాం. జేబులోని కళ్లద్దాలు అప్‌డేట్ కోసం వెలుగుతున్నాయి. నర్సింగం రెండింటినీ ఆపేసి తల కిటికీకి ఆనించాడు.

టింగ్.

లింగం. గులాబీల మధ్య శుభసాయంత్రం. టింగ్. పసుపు పాలు తాగితే మోకాళ్ల నొప్పులు పోతాయి. టింగ్. ఈ మెసేజ్ పదిమందికి పంపితే మంచివార్త వింటారు. టింగ్.

పర్వత్ పాటియా వచ్చేదాకా అవి వస్తూనే ఉన్నాయి. నర్సింగం ఒక్కటీ పూర్తిగా చదవలేదు. పక్క సీటు ఆయన రెండుసార్లు విసుక్కున్నా సౌండ్ మాత్రం తగ్గించలేదు.