అమ్మ ఉన్న షాట్

"ప్రార్థనకెల్లొత్తానే ఎవా, ఇడ్లీలు గిన్నెలో ఉన్నాయి" అంటూ తల్లి జయశీల చెప్పులు వేసుకుంది. ఎవాంజలిన్ టీ తాగుతూ తలూపింది. నాన్న పోయాక, నర్సు ఉద్యోగం నుంచి రిటైరైన అమ్మకి మందిరమే దిక్కయిందని ఆమె నమ్మకం.

ఎవాంజలిన్ వీడియో ఎడిటర్. హైదరాబాద్ చానెళ్లలో ఏళ్ల తరబడి సీరియళ్లూ వార్తలూ ఎడిట్ చేసి, అమ్మ కోసం విశాఖ వచ్చేసింది. ఇప్పుడు ద్వారకా నగర్‌లోని చిన్న స్టూడియోలో డాక్యుమెంటరీలు చేస్తోంది. తెర మీద ఆమెనెవరూ చూడరు. తెర మీది మనుషులు ఎక్కడ మాట మింగారో, ఎక్కడ దొంగనవ్వు నవ్వారో మాత్రం ఆమెకి ఇట్టే దొరికిపోతుంది.

ఆ రోజు జాలరిపేట మీద తీసిన ఫుటేజీ చూస్తుంటే, చేపల వేలం వెనకాల పడవ నీడలో అమ్మ కనిపించింది. పక్కన తెల్లమీసాల మనిషొకడు. అతనేదో అంటే అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. తారీఖు చూస్తే, అమ్మ ప్రార్థనకని వెళ్లిన ఉదయమే.

ఎవాంజలిన్ ఆ షాట్ తీసేసింది.

"పడవ దగ్గర నవ్వే ఆవిడేదీ? భలే షాటది" అని దర్శకుడు అశోక్ అడిగాడు.

"ఫోకస్ లేదు సార్" అని అబద్ధమాడింది.

అప్పట్నించీ ఇంట్లో ప్రతిదీ అనుమానంగానే కనిపించింది. అమ్మ చెప్పులకి ఇసుక. ఫోనొస్తే బాల్కనీలోకి నడక. అమ్మ స్నానానికి వెళ్లినప్పుడు ఫోన్ తీసి చూసింది. లాక్ పడి ఉంది. ఆదివారం మందిరంలో పాస్టరుగారి భార్య సుధారాణి, "మీ అమ్మగారు పొద్దుటి ప్రార్థనకి రావట్లేదు, ఒంట్లో బాగోలేదా?" అనడంతో ఎవాంజలిన్ అనుమానం గట్టిపడింది. ఇల్లు అమ్మ పేరునే ఉంది. ఆ సంగతి ఆ మీసాలవాడికి తెలుసా?

ఆ మధ్యాహ్నం జయశీల చేపలు కడుగుతుంటే అడిగేసింది.

"రోజూ ఎక్కడికెళ్తున్నావమ్మా?"

"ప్రార్థనకే."

"ఎవరతను?"

జయశీల చేతులు ఆగాయి. "సూసావన్నమాట. ఎప్పుడు?"

"వారమైంది. ఫుటేజీలో."

"వారం నుంచీ అడగలేదేటి మరి?"

ఎవాంజలిన్ చేపల గిన్నె పక్కకి జరిపింది.

"కెమెరా వోళ్లొచ్చినప్పుడు వీరన్న లేచి ఎల్లిపోతానన్నాడు. నానే కూసోమన్నాను. జాలరిపేట పనొచ్చిందని నువ్వే సెప్పావు కదా, అది నీ సేతుల్లోకే వత్తాదని నాకు తెలుసు. నోటితో సెప్పడానికి సిగ్గేసింది. సూసి అడుగుతావు, అప్పుడు సెబుదామనుకున్నాను. రోజూ నువ్వు రాగానే నీ మొకం సూసేదాన్ని. నువ్వేమో నా ఫోన్ సూత్తన్నావు, పెట్టిన సోటు మారితే నాకు తెలీదేటి?"

"అతనికేం కావాలో నీకు తెలుసా?" ఎవాంజలిన్ గొంతు ఇంకా కరుకుగానే ఉంది.

"తెలుసు. ఆళ్లావిడ పోయిన వార్డులో నాను నర్సుని. ఆవిడ కబుర్లు సెప్పుకోడానికి ఆ మడిసికి నాను మిగిలాను. మీ నాన్న కబుర్లు సెప్పుకోడానికి నాకు ఆ మడిసి."

"నాతో చెప్పుకోకూడదా?"

"నీతోనా? మీ నాన్న పేరెత్తితే లేచి గదిలోకి పోతావు. మూడు మాట్లు సూసాను, తరవాత మానేసాను."

నిజమే. ఏడుపు అమ్మకి కనబడకూడదని తలుపేసుకునేది. తలుపవతల అమ్మ ఒక్కతే కూర్చుని ఉంటుందని ఏనాడూ అనుకోలేదు. దొంగతనంగా ఆ ఫోన్ చేతిలోకి తీసుకున్నది గుర్తొచ్చి ఎవాంజలిన్ తలొంచుకుంది.

"ఆ షాట్ తీసేశానమ్మా."

"బాగోలేదేటి?" జయశీల అమాయకంగా అడిగింది.

"చాలా బాగుంది" అంటూనే ఎవాంజలిన్ భోరుమంది. "రేపే మళ్లీ పెట్టేస్తాను. అశోక్ గారికి నిజం చెప్తాను."

జయశీల తడిచేతులు చీరకి తుడుచుకుని కూతుర్ని దగ్గరికి తీసుకుంది. ఎవాంజలిన్ కళ్లు తుడుచుకుని, తల్లి పక్కనే నేల మీద చతికిలబడింది.

"వీరన్నగారితో చెప్పే కబుర్లు నాకూ చెప్పమ్మా."

"ఏడుత్తావు."

"ఏడుస్తాను. నువ్వు ఆపకు."

జయశీల చేపల గిన్నె మళ్లీ దగ్గరికి లాక్కుని, "మీ నాన్న నన్ను సూడ్డానికి మొదటిసారొచ్చినప్పుడు..." అని మొదలెట్టింది.