మునిగిన బడిలో టీసీ

అనంతసాగరం దాటి సోమశిల నీళ్ళ అంచుకి పోతే, ఎండాకాలంలో మాత్రమే బయటపడే ఒక దిబ్బ ఉంది. పాత రేగులగుంట అంటారు. డ్యాం కట్టినప్పుడు మునిగిన ఊరది. నీళ్ళు బాగా తగ్గిన ఏడాది బడి అరుగూ, దానికున్న ఆరు మెట్లూ పైకి తేలతాయి. గోడల్లేవు, కప్పు లేదు. అయినా పొద్దుగూకాక గొర్రెల కాపర్లు కూడా అటు పోరు. ఎందుకంటే... ఆ అరుగు మీద ఎవరో ఎక్కాలు చదువుతుంటారట.

నేను నమ్మలేదు. ఆత్మకూరులో ఆఫీసుల ముందు రేకుల షెడ్డులో కూర్చుని ముప్పై ఏళ్ళుగా అర్జీలు రాస్తున్నాను. నేను చూసిన దెయ్యాలన్నీ పదకొండింటికి వచ్చి నాలుగింటికి పోయేవే.

కానీ ఈ కథలో మొదటి తప్పు మాత్రం నాదే.

వెంకమ్మక్కది కొత్త రేగులగుంట కాలనీ. మునిగిన ఊరివాళ్ళకి ఇళ్ళ స్థలాలు ఇచ్చింది అక్కడే. కూలికి పోయి పోయి నడుము వంగింది. అరవై దాటింది. ఆధార్ తీసినవాడు ముఖం చూసి ఏదో ఒక పుట్టిన సంవత్సరం కొట్టేశాడు. ఆ లెక్కన ఆమెకి యాభై మూడు. అరవై నిండందే వృద్ధాప్య పింఛను రాదు. పింఛను రాకపోతే బీపీ మాత్రలకి కొడుకు చేతి వైపు చూడాలి. ఆ చెయ్యి ఎప్పుడూ జేబులోనే ఉంటుంది.

"రెండో తరగతి దాకా చదివినానయ్యా. బళ్ళో నేను పుట్టిన తేదీ రాసినారు. ఆ కాగితం తెప్పియ్యి, నీకు పుణ్యముంటది," అంది.

మునిగిన బడి రికార్డులు ఒక ఆఫీసులో మూటలు కట్టి ఉన్నాయి. ఏ ఆఫీసో చెప్పను, నాకు రేపు కూడా అక్కడే పని. సమాచార హక్కు కింద ఆమె పేరుతోనే అర్జీ రాశాను. ఊరేదంటే "పాత రేగులగుంట" అంది. కాలనీకొచ్చి నలభై ఏళ్ళు దాటినా వాళ్ళని ఊరడిగితే అదే చెప్తారు. అడ్రసులో నేనూ అదే రాసేశాను.

నెల తిరక్కుండా జవాబు బయల్దేరింది. దెయ్యం సంగతి అట్లా ఉంచండి, అసలు వింత ఇది. రిజిస్టరు పోస్టు, అందినట్టు సంతకం పెట్టే కార్డుతో సహా.

పోస్ట్‌మన్ మస్తాన్‌ది ఉదయగిరి, ఈ పక్కకి కొత్త. "పాత రేగులగుంట ఎటు?" అని గేదెలు మేపే ఆయన్ని అడిగాడు. ఆయన నీళ్ళ వైపు చెయ్యి చూపించి... గబగబా గేదెల్ని తోలుకుని పోయాడు. సగం దారిలో బండి పంచరైంది. నెర్రెలిచ్చిన బురద మీద నడిచి నడిచి దిబ్బ చేరేసరికి పొద్దుగూకింది.

గాలి లేదు. పిట్ట కూత లేదు. మెట్ల మీద — లాంతరు.

లాంతరు పక్కన పంచె కట్టుకున్న ముసలాయన, చెవి మీద పెన్సిలు. వెనక చీకట్లో పిల్లల గొంతులు... "రెండు రెళ్ళు నాలుగు..."

సెలవుల్లో ట్యూషను పెట్టుకున్నారనుకున్నాడు మస్తాన్.

"ఎవురికి?" అన్నాడు ముసలాయన, గొంతు తగ్గించి.

"వెంకమ్మకి. తండ్రి కామయ్య."

"వెంకమ్మా... దా. నీకు జాబొచ్చినాది."

చీకట్లోంచి ఎనిమిదేళ్ళ పిల్ల వచ్చింది. పావడా అంచునుంచి నీళ్ళు కారుతున్నాయి. కార్డు మీద వంగి, నాలుక బయటపెట్టి, ఒక్కో అక్షరం దిద్ది సంతకం చేసింది. కవరు తీసుకుని... చీకట్లోకి పోయింది.

"కాళ్ళు వెనక్కి తిరిగుండాయా?" అని తర్వాత నేను అడిగాను.

"సంతకం సరిగ్గా పడిందా లేదా అని చూసినానన్నా. కాళ్ళెందుకు చూస్తాను?" అన్నాడు మస్తాన్. డ్యూటీ అంటే అదీ.

కాగితం ఎంతకీ రాలేదని మేం ఆఫీసుకి పోతే, గుమాస్తా ఆ కార్డు మా ముందు పెట్టాడు. వంకర అక్షరాలతో 'వెంకమ్మ'.

"నాది వేలిముద్ర గదయ్యా," అంది వెంకమ్మక్క. కార్డుని చాలాసేపు చూసింది. "రాసేది ఎప్పుడో మరిచిపోయినాను."

"అది మీరు కాకపోతే మీ సొంత రికార్డు మేం వేరేవాళ్ళకి ఇచ్చినట్టు," అన్నాడు గుమాస్తా. "అట్లా ఇవ్వకూడదు. కాబట్టి అది మీరే."

కాలనీ అడ్రసుతో మళ్ళీ అర్జీ పెట్టాం. ఈసారి కాగితం ఆమె చేతికే వచ్చింది. బడి రిజిస్టరులో ఒక పేజీ నకలు. పుట్టిన తేదీ చూస్తే అరవై రెండు నిండాయి. వెంకమ్మక్క నా చెయ్యి పట్టుకుని ఏడ్చింది. నాకూ కళ్ళు తడిశాయి, దాచేదేముంది?

కాలనీలో పింఛన్లు చూసే ప్రశాంత్ ఆ కాగితాన్ని కంప్యూటర్లోకి ఎక్కించి తల గోక్కున్నాడు.

"అవ్వా, బడి మానేసిన తేదీ ఖాళీగా ఉండాది. నువ్వింకా చదువుకుంటా ఉండావని చూపిస్తా ఉండాది. బడికి పోయే పిల్లలకి వృద్ధాప్య పింఛను రాదు."

"నాకు అరవై రెండేళ్ళురా!"

"నాకు తెలుసవ్వా. దీనికి తెలీదే. మీ హెడ్‌మాస్టరు దగ్గర టీసీ తీసుకోని రా."

కామయ్య కూతుర్ని మేకల వెంట పంపిన రోజు టీసీ ఎవరడిగారు? పిల్ల ఒకరోజు బడికి పోలేదు. అంతే. ఇక హెడ్‌మాస్టరు కొండలయ్య సారంటారా, ఊరు మునిగిన ఏడే పోయాడు.

ఇదంతా విన్న మస్తాన్, చెవి మీద పెన్సిలు పెట్టుకున్న ముసలాయన సంగతి చెప్పాడు. వెంకమ్మక్క లేచి కొంగు దోపుకుంది.

"మా సారే. పదండి."

నాకు మోకాళ్ళ నొప్పి. అందుకని కట్ట మీద, మేం వచ్చిన ఆటోలోనే ఉండిపోయాను. నవ్వకండి. ఇక్కడినుంచి మస్తాన్ చెప్పిందే.

పొద్దు వాలింది. మెట్ల మీద లాంతరు వెలిగింది... వెలిగించిన చెయ్యి మాత్రం కనపడలేదట. ఆ తర్వాత ముసలాయన కనిపించాడు.

"సారూ... టీసీ కావాల," అంది వెంకమ్మక్క గుసగుసగా.

"ఎవురికి?"

"వెంకమ్మకి. కామయ్య కూతురికి."

"నువ్వెవురు?"

అక్క తడబడి ఆధార్ కార్డు తీసిచ్చింది. ఆయన లాంతరు దగ్గర పెట్టుకుని చదివాడు.

"ఇందులో వయసు తప్పు," అన్నాడు.

ఏ ఆఫీసులోనూ ఎవరూ ఒప్పుకోని మాట! మస్తాన్‌కి ఆయన మీద గౌరవం పుట్టిందట.

"టీసీ రాసిస్తాను. బిడ్డని మానిపించేవాళ్ళు బిడ్డ ముందరే చెప్పాల. అది నా రూలు." వెనక చీకటి వైపు తిరిగాడు. "వెంకమ్మా..."

ఎక్కాలు ఆగిపోయాయి. అంతా నిశ్శబ్దం — తడి పాదాల చప్పుడు ఒక్కటే.

పిల్ల వచ్చి నిలబడింది. పలక గుండెలకి హత్తుకుని ముసలామెని కిందినుంచి పైదాకా చూసింది.

"మేకల కోసరమా అవ్వా?" అంది. "మా నాయన పంపించినాడా?"

కొండలయ్య సారు కలం ఎత్తి పట్టుకుని... ఎదురు చూస్తున్నాడు.

ఆమె తిరిగి ఆటో దగ్గరికి వచ్చేసరికి బాగా చీకటి పడింది. చేతులు ఖాళీ. వెనకే వచ్చిన మస్తాన్ నా వైపు చూడలేదు.

"ఏమక్కా, టీసీ ఇయ్యనన్నాడా?"

"ఇస్తానన్నాడయ్యా. నేనే వద్దన్నాను." ఆటో ఎక్కి, కొంగుతో ముఖం తుడుచుకుంది. "పింఛను పోతే పోయింది. అప్పుడు మా నాయన మానిపించినాడు, ఇప్పుడు నా నోటితో నేనే ఆ బిడ్డని ఎట్టా మానిపించేది? చదువుకోనీ."