గాదెలో ఆడమనిషి

జమ్మలమడుగు అవతల, పెన్న గట్టు మీద పాతకోట. ఆ కోటలో ఇల్లంత రాతి గాదె. పొద్దుగూకితే ఆ దిక్కు మేకలు కూడా పోవనేవాళ్లు. కరువులో గింజల కోసం దూరి, తలుపు పడి లోపలే చచ్చిన ఆడమనిషి ఒకతి ఉందట... జుట్టు విరబోసుకుని నేల తడుముతూ ఉంటుందట.

యాభై ఎనిమిది ఎండాకాలం. కోట మీద డాక్యుమెంటరీ తీయాలని మద్రాసు నుంచి మనుషులు దిగారు. కెమెరా పనికి సాయంగా ప్రొద్దుటూరులో ఫోటో స్టూడియో నడిపే షంషుద్దీన్‌ను పెట్టుకున్నారు. తీసిన ఫిల్ము ఎండకు పాడవకుండా డబ్బాల్లో పెట్టి, చల్లగా ఉంటుందని ఆ గాదెలోనే దాచారు.

మూడోనాటి రాత్రి డైరెక్టరు షంషుద్దీన్‌తో, "డబ్బాలు తీసుకురావయ్యా, తెల్లవారి ఎర్రగుంట్లలో రైలెక్కించాలి" అన్నాడు.

కోటలోనే ఉన్న ఊళ్లో ఒక్కరూ తోడు రాలేదు. రామని కూడా అనలేదు — మొహాలు తిప్పుకున్నారు. వచ్చిన రోజు నుంచీ అంతే. నీళ్లడిగినా విననట్టే.

లాంతరు పట్టుకుని ఒక్కడే పోయాడు.

తలుపు ఓరగా తీసి ఉంది...

లోపల గరగర — ఎండుటాకుల మీద పాము పాకినట్టు. ఆగింది. మళ్లీ మొదలైంది.

లాంతరు ఎత్తాడు. మూలన ఒక ఆడమనిషి గొంతుక్కూర్చుని ఉంది. జుట్టు... భుజాల మీద, ఒళ్లో, నేల మీద — బారలు బారలుగా, నల్లగా, నిగనిగలాడుతూ...

"యా అల్లా..." ఒకడుగు వెనక్కి వేస్తే కాలికేదో తగిలి గణగణమని దొర్లింది.

రేకు మూత.

అది జుట్టు కాదు. ఫిల్ము! మూడు రోజుల ఫిల్ము!

"ఎవరు నువ్వు? ఏంది ఈ పని?"

"శివమ్మను. ఈ కోటలోనే పుట్నా." ఆమె గొంతు పెంచలేదు. "పోయినేడు మీయట్లనే ఒగడొచ్చి గోడలు ఫోటో తీసుకొనిపాయ. నెల తిరక్కముందే సర్కారు కాగితమొచ్చె. పాతకాలం కోటంట, మేముండే కొట్టాలు పీకెయ్యాలంట. నా కొట్టం పీకిరి. మిగిల్నవన్నా నిలబడనీ."

"మేం దానికి రాలేదమ్మా... కోటను నలుగురికీ చూపిద్దామనే."

"చూసినోళ్లే గదప్పా పీకింది."

షంషుద్దీన్ లాంతరు కింద పెట్టాడు. ఆమె చేతిలో ఇంకొక్క డబ్బా ఉంది, మూత తీయనిది.

"అదన్నా ఇయ్యి. వెలుతురు తగిల్తే బొమ్మలన్నీ మాసిపోతాయి."

"తెలుసు. పొద్దున మీవోళ్లకు నువ్వే చెప్తాంటే విన్యా." డబ్బాను చెవి దగ్గర ఆడించి చూసింది. "దీంట్లో ఏముండాది?"

షంషుద్దీన్ తల దించుకున్నాడు.

"పడమటి పక్క... మీ ఇండ్లు."

శివమ్మ లాంతరు దగ్గరికి జరిగింది.

"అయితే ఇది నాదే," అని మూత తీసింది.