అడుగున తడిగుడ్డ

బాస్ టేబుల్ మీద ఒక ఫోటో పడేశాడు. సైరన్ ఆఫీసు మెట్ల మీద బోర్లా పడిన మనిషి. మెడ వెనక సూది దిగినంత రంధ్రం.

"మనవాడే. నిన్న సాయంత్రం పోయాడు. నీకు స్నేహితుడు కదూ?"

"అవును సార్," అన్నాడు మొద్దు. ఇద్దరూ పదేళ్లు ఒకే బల్ల దగ్గర భోంచేశారు. అతను ఆ ఫోటోని బస్సుల టైమ్‌టేబుల్ చూసినట్టు చూసి తిరిగిచ్చాడు.

అతని అసలు పేరు ఫైళ్లకే తెలుసు. డిపార్ట్‌మెంట్‌లో అందరికీ మొద్దు. తెలివికి పెట్టిన పేరు కాదది. ఏడేళ్ల కిందట తెల్లగాలి వచ్చిన రోజున వీధిలో ఉన్న కూతుర్ని ఇంట్లోకి తోసి, తలుపు బయటినుంచి లాగిపట్టుకుని నిలబడ్డాడు. తెల్లగాలి ఒంటికి ఏమీ చెయ్యదు. మమకారం, భయం, ఆశ మాత్రం ఊడ్చుకుపోతుంది. ఏడేళ్లకోసారి ఠంచనుగా వస్తుంది. అది తగిలినవాడికి పెళ్లాం, పక్కింటావిడ ఒకటే. ఇలాంటివాడు గూఢచారిగా పనికొస్తాడని కనిపెట్టిన ఘనత బాస్‌ది.

"రేపు పదింటికి మళ్లీ వస్తోంది," అన్నాడు బాస్. "మూడు పొట్టి కూతలకి జనం లోపలికి, ఒక పొడుగు కూతకి బయటికి. అంతేగా లెక్క? పదకొండుకి కొట్టాల్సిన పొడుగు కూత పదిన్నరకే కొట్టించాలని పొరుగుదేశం ముఠా ప్లాన్. సరిగ్గా గాలి నడిఊళ్లో ఉండే టైము."

"ఊరంతా తలుపులు తెరుస్తుంది."

"తెరిచి నీలా అయిపోతుంది. ఏమీ అనుకోకు."

"అనుకోలేను సార్."

బాస్ నిట్టూర్చాడు. "సైరన్ ఆఫీసులో అనౌన్సర్ మన ఏజెంటే. ముఠాలో చేరినట్టు నటిస్తోంది. కోడ్: 'దుప్పట్లు ఆరాయా?' జవాబు: 'ఒకటి ఆరలేదు.' నువ్వు మెకానిక్‌వి."

ఇంటికెళ్లాక మొద్దు జేబులోంచి చిన్న నోటుపుస్తకం తీశాడు. "చదువు గురించి అడగాలి. జవాబు పూర్తిగా వినాలి. నవ్వితే నవ్వాలి." అన్నీ వరసగా చేశాడు. పదహారేళ్ల కూతురు ఓపిగ్గా జవాబులిచ్చింది. ఏటా జరిగే డ్రిల్లులో పొడుగు కూత ఆగకముందే తెరుచుకునే మొదటి తలుపు ఆ ఇంటిదే. నాన్న ఇంకా బయటే ఉన్నాడేమోనని ఆ పిల్లకి ఒకటే ఆదుర్దా. ఆ ఇంట్లో ఆదుర్దా పడగలిగేది ఇప్పుడు తనొక్కతే. రేపటితో అదీ పోవచ్చు. మొద్దుకి ఈ సంగతి తెలుసు. తెలియడమే తప్ప ఏమీ అనిపించలేదు.

మర్నాడు కంట్రోల్ రూమ్‌లో గ్రీజు మరకల చొక్కాతో స్క్రూడ్రైవర్ తిప్పుతున్నాడు. అనౌన్సర్ వచ్చింది. ఎర్రకోటు, గదంతా సెంటు, జుట్టులో పొడుగాటి వెండి పిన్ను. మూలనున్న ముసలి ఆపరేటర్ కూడా కళ్లజోడు సర్దుకున్నాడు.

"దుప్పట్లు ఆరాయా?"

"ఒకటి ఆరలేదు," అంది చిరునవ్వుతో. "చిన్నప్పట్నుంచీ నాకీ గాలంటే హడల్. ఇక్కడే పుట్టి పెరిగాను కదా."

పదింటికి మూడు పొట్టి కూతలు మోగాయి. ఆపరేటర్ చటుక్కున మోకాళ్ల మీద కూలబడి కిటికీ కింది సందులో తడిగుడ్డ కుక్కాడు. మొద్దు మోకాళ్లూ వాటంతటవే వంగబోయాయి. తెల్లగాలి నేలబారున పాకుతూ వస్తుంది. ఈ ఊళ్లో పిల్లలకి అక్షరాలకంటే ముందు నేర్పేది అదే: అడుగు ముందు, పైన తర్వాత.

అనౌన్సర్ మాత్రం కుర్చీ ఎక్కి తలుపు పైసందు మూస్తోంది.

ఆవిడ పై సందు, కింది సందు ముగించి మైకు ముందు కూర్చుంది. పదీ పాతిక దాటాక, మొద్దు స్క్రూడ్రైవర్ కింద పెట్టి లేచేలోపే, బ్యాటరీలు చూసి రమ్మని ఆపరేటర్ని లోపలి గదిలోకి పంపి గడియ పెట్టేసింది. ఆ గదికి కిటికీల్లేవు. తలుపుకి రబ్బరు అంచుంది. తిరిగేసరికి ఆవిడ చేతిలో పిస్టల్.

"కనిపెట్టేశావు కదూ? నీ స్నేహితుడూ అంతే. తెలివి ఎక్కువైంది." ఎడమచెయ్యి సైరన్ లివర్ మీద వేసింది. గడియారం పదీ ఇరవై ఎనిమిది. "నీ సంగతి నాకు తెలుసు. మా దగ్గర మందుంది. తాగితే అన్నీ తిరిగొస్తాయి, కూతురి మీద ప్రేమతో సహా. నాతో వచ్చేయ్."

ఆశపెట్టాలంటే ఎదుటివాడికి ఆశంటూ ఒకటి ఉండాలి. మొద్దు కదల్లేదు.

"సరే, నీ ఖర్మ. తలుపు దగ్గర మోకాళ్ల మీద కూర్చో. చేతులు నేలమీద పెట్టు."

ఆ ఊరివాళ్లెవరూ తెల్లగాలి వేళ ఆ మాట అనరు. అతను బుద్ధిగా కూర్చున్నాడు. చేతులు నేలమీద పెట్టాడు. అడుగునున్న తడిగుడ్డ పట్టుకుని ఒక్క గుంజు గుంజాడు.

పాలు ఒలికినట్టు తెల్లగా లోపలికి పాకింది. అనౌన్సర్ కెవ్వుమంది. గుండు తలుపులో దిగింది. లివర్ సగం కిందికొచ్చింది, సైరన్ గొంతు సవరించుకున్నట్టు గరగరలాడింది. అంతలో తెలుపు ఆవిడ ఎర్రకోటు అంచు దాటింది.

చెయ్యి ఆగింది. పదిన్నర.

ఆవిడ లివర్ని ఎవరిదో గొడుగులా చూసి వదిలేసింది.

"లాగాలని గుర్తుంది," అంది మెల్లగా. "మా దేశం, ప్రమాణం, అన్నీ గుర్తున్నాయి. కానీ ఎందుకో పట్టడం లేదు."

"కూర్చోండి. పదకొండు దాకా పనేం లేదు."

కూర్చుంది. పిస్టల్ అడక్కుండానే ఇచ్చేసింది.

"ఆ మందు నిజమేనా?"

"లేదు." అబద్ధం చెప్పడానికైనా కాస్త ఆసక్తి ఉండాలి కదా.

పదకొండుకి గాలి ఊరు దాటాక, మొద్దు ఆపరేటర్ని బయటికి రప్పించి పొడుగు కూత కొట్టించాడు. అనౌన్సర్ని బాస్ మనుషులకి అప్పగించి ఇంటికి నడిచాడు. గుమ్మంలోనే కూతురు నిలబడి ఉంది.

"నాన్నా! గాల్లో ఉన్నావా మళ్లీ?"

"ఉన్నాను. పోవడానికేం మిగల్లేదు."

ఆ పిల్ల ఏడుస్తోంది. అతను ఆమె తలమీద చెయ్యి వేసి కాసేపు అలాగే ఉంచాడు. కూతురు కళ్లు తుడుచుకుని, అతని జేబులోంచి నోటుపుస్తకం లాగి, చివరిదాకా తిరగేసింది.

"తలమీద చెయ్యి వెయ్యాలని ఇందులో ఎక్కడా లేదే?"

మొద్దు కూడా వంగి చూశాడు. నిజమే, లేదు.

"రాయడం మర్చిపోయి ఉంటాను," అన్నాడు.