తేలికది ఇటియ్యి

ఆదివారం మధ్యాహ్నం రెండూ పదికి సలీం షట్టరు సగానికి దించి, నీళ్ల సీసా కుర్చీ పక్కన పెట్టుకున్నాడు. నంద్యాల నూనెపల్లెలో ఉన్న అతని గేమింగ్ సెంటరుకు ఎండాకాలం ఆ వేళప్పుడు ఎవరూ రారు. పిల్లలు ఎండ తగ్గాక వస్తారు. వరసగా కంప్యూటర్లు, ఒక కూలరు, తెరల మీద వెలుతురు పడకుండా కిటికీలకు అంటించిన నల్ల కాగితం. బయట రోడ్డు తెల్లగా మండుతోంది. లోపల చీకటి. వేడెక్కిన ప్లాస్టిక్ వాసన, కూలరు గడ్డి తడి వాసన.

షట్టరు దించినందుకే ఆయాసం వచ్చింది. ఒకప్పుడు ఆళ్లగడ్డలో రాళ్లు కోసే మిషను దగ్గర పొద్దస్తమానం నిలబడినవాడు. ఆ మిషనే అతని ఊపిరితిత్తుల్లో రాతిపొడి నింపి ఇంటికి పంపింది. ఆ పని ఇంకో గుర్తు కూడా ఇచ్చింది. ఒకసారి రాతిపలక జారి మీద పడితే ఎడమ పక్కటెముక విరిగింది. అతుక్కున్నచోట చింతగింజంత బొడిపె మిగిలింది. ఆయాసం వచ్చినప్పుడల్లా అతని చెయ్యి చొక్కా కిందికి పోయి ఆ బొడిపె మీద ఆగుతుంది. ఎందుకో అతనికీ తెలియదు.

ఇన్‌హేలర్ తీసి చెవి దగ్గర ఊపాడు. తేలిగ్గా ఉంది. సాయంత్రం కొత్తది కొనాలి. ఒకసారి పీల్చి జేబులో పెట్టుకున్నాడు. చెవులకు హెడ్‌సెట్ తగిలించుకున్నాడు.

"వచ్చినావా అన్నా?" అవతల అచ్యుత్ గొంతు.

"వచ్చినా సామీ. భోంచేసినావా, ఇంగా నైవేద్యం కాలేదా?"

"నీకు ఎగతాళిగా ఉంది. చారన్నం తిని కూర్చున్నా."

అచ్యుత్‌ది అహోబిలం. గుడి సేవలు చేసే కుటుంబం. ఆళ్లగడ్డలో గది తీసుకుని ఒక బడిలో లెక్కలు చెప్తాడు. సలీం, మున్నా ఆ ఊళ్లో రాళ్లు కోసే రోజుల్లో ముగ్గురివీ పక్కపక్క గదులు. అప్పుడు మొదలైంది ఈ ఆదివారం ఆట. ఊళ్లు మారినా మానలేదు.

యుద్ధం ఆట అది. మిగతా ఆటల్లో ఎన్ని తూటాలు మిగిలాయో తెర మూలన అంకె ఉంటుంది. ఇందులో ఉండదు. ఒక మీట నొక్కిపట్టుకుంటే తెర మీది సైనికుడు తుపాకీలోంచి తూటాలుండే మ్యాగజైన్ ఊడదీసి చేత్తో తూచి చూస్తాడు. బరువుగా ఉందనో, సగమనో, తేలిగ్గా ఉందనో ఒక్క మాట పడుతుంది. అంతే. సగం వాడి మార్చిన మ్యాగజైన్ మళ్లీ సంచిలోకే పోతుంది. ప్రాణం మీదికొచ్చినప్పుడు సరిగ్గా అదే చేతికొస్తుంది. కాల్చడం ఎవడైనా కాలుస్తాడు. దాచుకోవడమే ఆట.

మ్యాగజైన్‌ను వీళ్లు డబ్బీ అంటారు. డబ్బీల పెత్తనం మున్నాది. రాళ్ల పనిలో ఒక కట్టుబాటు ఉంది. ఉలి మొద్దుబారితే కొలిమి దగ్గరికి పోయి, మొద్దుది ఇచ్చి పదునుది తీసుకోవాలి. ఉత్త చేతులతో పోతే కొలిమి మనిషి తలెత్తి చూడడు. మున్నా ఆ కట్టుబాటునే ఆటలోకి తెచ్చాడు. ముందు నడిచి కాల్చేది సలీం. అతని డబ్బీ తేలికయ్యేసరికి మున్నా పక్కన నిలబడేవాడు. "తేలికది ఇటియ్యి" అనేవాడు. అది తీసుకుని బరువుది చేతిలో పెట్టేవాడు. ఆ బరువు ఎక్కడిదంటే, అచ్యుత్ సంచిలోది. అచ్యుత్ వెనక ఉండేవాడు, కాల్చేది తక్కువ.

"నీ దగ్గరుండి ఏం లాభం సామీ? నువ్వేమన్నా కాలుస్తావా, పూజ చేస్తావా?" అని మున్నా అతని నిండు డబ్బీలు లాక్కుని, సలీం వాడేసినవి అతని సంచిలో పడేసేవాడు. అచ్యుత్ తిట్టేవాడు. ముగ్గురూ నవ్వేవాళ్లు.

మున్నా చనిపోయాడు. అదే రాతిపొడి. అతని భార్య షంషాద్ నలభయ్యో రోజు ఫాతెహా చదివించింది పోయిన వారమే.

ఆట మొదలైంది. వానలో తడుస్తున్న పాడుబడిన ఊరు. గోడలు కూలిన ఇళ్లు. ఇద్దరూ ఒక మిద్దె చాటున ఆగారు. అప్పుడు జట్టు వరసలో మూడో పేరు వెలిగింది.

మున్నా.

"అన్నా... అదెవరు?" అన్నాడు అచ్యుత్.

సలీం ఆ పేరు వంక వంగి చూశాడు. "షంషాద్ తమ్ముడై ఉంటాడులే. మున్నా కంప్యూటర్ ఊరికే ఉందని ఆడతాండాడేమో."

"పిలువన్నా ఒకసారి."

"తమ్ముడూ... ఎవరప్పా?"

అవతల మైకు తెరిచే ఉంది. జల్లెడలో ఇసుక ఆడించినట్టు సన్నని శబ్దం. ఒకసారి ఇటు, ఒకసారి అటు. సలీంకు ఆ శబ్దం తెలుసు. రాత్రుళ్లు తన ఛాతీలోంచి వచ్చేది అదే.

శత్రువులు పడమటి వీధిలోంచి వచ్చారు. సలీం కాల్చాడు, చాటుకు తగ్గాడు, మళ్లీ కాల్చాడు. మీట నొక్కి చూసుకున్నాడు. తేలిక. ఛాతీ కూడా పట్టేసింది. ఇన్‌హేలర్ కోసం జేబులో చెయ్యి పెట్టబోతుండగా, మున్నా పేరున్న సైనికుడు వచ్చి ఎదురుగా నిలబడ్డాడు.

"తేలికది ఇటియ్యి."

గుసగుస. చెవిలోనే అన్నట్టుంది.

సలీం వేలు దానంతట అదే డబ్బీ మార్చే మీట నొక్కింది. ఇచ్చింది, తీసుకుంది. తెర మీద 'బరువు' అని పడింది. ఆ క్షణమే అతని ఊపిరి ఒక్కసారిగా అడుగుదాకా దిగింది. ఎన్నేళ్లుగానో అట్లా దిగలేదు. కూలరు గడ్డి వాసన కొత్తగా, చల్లగా, ముక్కు నిండా. అతనికి కళ్లనీళ్లు వచ్చాయి.

అవతల అచ్యుత్ దగ్గాడు.

"ఏంది సామీ?"

"ఏమీ లేదన్నా. గొంతుకు ఏదో తగిలింది."

మరో వీధి. మరో డబ్బీ తేలికైంది. ఆ సైనికుడు మళ్లీ వచ్చాడు, మళ్లీ అదే మాట. సలీం ఇచ్చాడు, తీసుకున్నాడు. వీపు నిటారుగా అయింది. భుజాలు దిగాయి. ఇన్నేళ్ల అలసట ఎవరో బరువు దించినట్టు దిగిపోతోంది.

"అన్నా, నా డబ్బీలన్నీ తేలికైనాయి." అచ్యుత్ మాట తెగిపోతోంది. "నేను ఒక్కటీ కాల్చలే. ఒక్కటీ..." దగ్గు. పొడి దగ్గు. "గదిలో దుమ్ము లేస్తాండాది అన్నా. కిటికీ మూసే ఉంది. యాడనుంచి వస్తాందో..."

సలీం చేతులు ఆగిపోయాయి.

కరెంటు పోయింది. కూలరు తిరిగి తిరిగి ఆగింది. బ్యాటరీ మీద అతని తెర ఒక్కటే వెలుగుతోంది. కాసేపటికొకసారి బ్యాటరీ పెట్టె 'పీప్' మంటోంది.

అతనికి అర్థమైంది. అర్థం కాలేదని అనుకుందామని చూశాడు. కుదరలేదు.

మున్నా సైనికుడు ఎదురుగానే ఉన్నాడు. వానలో. కదలకుండా.

సలీం డబ్బీ మార్చలేదు. ఇవ్వలేదు. ఇవ్వకపోయేసరికి ఛాతీ మూసుకోవడం మొదలైంది. ముందు పైన. తర్వాత పక్కలు. ఇన్‌హేలర్ నోట్లో పెట్టుకుని నొక్కాడు. ఉత్త గాలి. ఊపి చూశాడు. ఏమీ లేదు. షట్టరు దాకా పోదామని లేచాడు. మళ్లీ కుర్చీలో పడ్డాడు. కళ్ల ముందు నల్లచుక్కలు...

"తేలికది ఇటియ్యి."

"అన్నా..." అచ్యుత్. చాలా దూరం నుంచి. "నా ఎద మీద ఎవరో కూర్చున్నట్టుంది... ఇయ్యొద్దన్నా... ఇంగ ఇయ్యొద్దు..."

పీప్.

సలీంకు అచ్యుత్ మొహం గుర్తొచ్చింది. చారన్నం గుర్తొచ్చింది. వద్దనుకున్నాడు. నిజంగానే అనుకున్నాడు. కానీ బాగా అలసిపోయిన మనిషి చెయ్యి మనసు మాట వినదు. అలవాటైన పనే చేస్తుంది.

మీట నొక్కాడు.

తెర మీద 'బరువు' అని పడింది. ఊపిరి వచ్చింది. నిండుగా... తియ్యగా.

హెడ్‌సెట్‌లో ఏదో కిందపడ్డ చప్పుడు. కుర్చీయో, మనిషో. తర్వాత అచ్యుత్ వైపునుంచి ఏమీ లేదు.

బ్యాటరీ అయిపోయింది. తెర ఆరిపోయింది. గదంతా చీకటి. షట్టరు కింద మాత్రం ఎండ గీత. చచ్చిపోయిన కంప్యూటరుకు తగిలించిన హెడ్‌సెట్ ఇంకా అతని చెవులకే ఉంది. అందులో జల్లెడ ఆడుతున్న శబ్దం. దాని వెనక, చాలా ఆప్యాయంగా, ఒక గొంతు.

"సాలా అన్నా?"

సలీం చాలనలేదు. చాలదనీ అనలేదు. హెడ్‌సెట్ పీకేసి, షట్టరు ఒక్క చేత్తో పైకి లేపి, ఎండలోకి పరుగెత్తాడు. పరుగెత్తగలిగాడు. అది తెలిసి రోడ్డు మధ్యలోనే నిలబడిపోయాడు.

ఆళ్లగడ్డకు ఫోన్ చేస్తే పక్కింటివాళ్లు అచ్యుత్ గది తలుపు పగలగొట్టారు. ఆ రాత్రికే నంద్యాల తీసుకొచ్చి ఆస్పత్రిలో చేర్చారు.

మరునాడు సలీం షంషాద్‌కు ఫోన్ చేశాడు. "మున్నా కంప్యూటర్ ఎవరు ఆడతాండారమ్మా?"

"ఆడేదేంది అన్నా? మందులకని ఆయన మంచాన పడినప్పుడే అమ్మేస్తిమి కదా. తీసుకున్నోళ్లు ముక్కలు ముక్కలు చేసి అమ్ముకున్నారంట."

గురువారం గానీ ఆస్పత్రికి పోవడానికి అతనికి కాళ్లు రాలేదు. మూడంతస్తులు మెట్లెక్కాడు. ఎక్కడా ఆగలేదు. మంచం పక్కన అచ్యుత్ తండ్రి రంగనాథం కూర్చుని ఉన్నాడు. నుదుట నామం చెమటకు చెదిరింది. ఆక్సిజన్ మాస్కు కింద అచ్యుత్ కళ్లు తెరిచాడు. ఏదో అంటున్నాడని సలీం వంగాడు.

"మున్నాకు చెప్పన్నా... నాది తేలికైందని."

సలీం వెనక్కి తగ్గాడు.

అప్పుడే డాక్టరు వచ్చాడు. ఎక్స్‌రే ఫిలిం కిటికీ వెలుతురుకు ఎత్తి పట్టుకుని రంగనాథాన్ని అడిగాడు.

"మీవాడు ఎన్నేళ్లు రాళ్లు కోశాడు?"

"రాళ్లా? వాడు పిల్లకాయలకు లెక్కలు చెప్తాడు సార్. ఏనాడూ రాయి ముట్టినోడు కాదు."

డాక్టరు అతని వంక కాసేపు చూశాడు. మళ్లీ ఫిలిం వంక చూశాడు. వేలితో ఒకచోట తట్టాడు.

"పోనీ, ఈ ఎడమ పక్కటెముక ఎప్పుడు విరిగింది? పాత దెబ్బ ఇది. అతుక్కున్నచోట బొడిపె కూడా ఉంది."

"విరగడమేంది సార్? వాడు పుట్టినప్పటినుంచీ ఒక్క ఎముకా విరగలే."

సలీం చెయ్యి చొక్కా కిందికి పోయింది. ఎడమ పక్కన, ఎప్పుడూ ఆగేచోట ఆగింది. కిందికి తడిమాడు. పైకి తడిమాడు.

నున్నగా ఉంది.